ఉప్పల్‌లో వార్నర్ కొట్టిన వందలో సగం ఏ తెర మీదా కనిపించదు

అడిగిన ప్రశ్న ఇది: ఆస్ట్రేలియా క్రికెటర్ డేవిడ్ వార్నర్‌ను తెలుగువాళ్లు సొంత మనిషిలా చూసుకోవడానికి కారణం ఆయన క్రికెట్టా, టిక్‌టాక్ వీడియోలా? సినిమాల్లో ఆయన నిలబడగలడా?

సూటిగా చెబుతాను. పరుగులే కారణం. అందులోనూ ఫోర్లు, సిక్సర్లు కావు, వికెట్ల మధ్య పరిగెత్తి తీసిన పరుగులు. దీనికి నా దగ్గర లెక్క ఉంది. ఎనిమిదో తరగతి పిల్లవాడు పెన్సిల్‌తో రాసిన లెక్క.

నేను భువనగిరి వైపు ఒక ప్రభుత్వ పాఠశాలలో వ్యాయామ ఉపాధ్యాయుడిని. పిల్లలకు కబడ్డీ, ఖోఖోతో పాటు క్రికెట్ కూడా నేర్పుతాను. మా దగ్గర నెట్స్ లేవు, మ్యాట్ లేదు, ఎర్రమట్టి గ్రౌండ్ ఉంది. 2019 మార్చి 31, ఆదివారం. తెలిసినవాళ్లు ఐదు టికెట్లు ఇప్పిస్తే నలుగురు పిల్లల్ని తీసుకుని ఉప్పల్ వెళ్లాను. ఐపీఎల్‌లో మన హైదరాబాద్ జట్టు సన్‌రైజర్స్‌కు, బెంగళూరు జట్టుకు మ్యాచ్, సాయంత్రం నాలుగింటికి మొదలు. ఒంటిపూట బడుల కాలం, ఎండ ఎలా ఉంటుందో చెప్పక్కర్లేదు. పొద్దున్నే పిల్లల ఇళ్లలో పులిహోర కట్టి ఇచ్చారు. స్టేడియంలోకి డబ్బాలు రానివ్వరని ముందే తెలుసు కాబట్టి ఉప్పల్‌లో బస్సు దిగి, ఒక చెట్టు కింద కూర్చుని తిని లోపలికి వెళ్లాం.

నలుగురిలో ఒకడికి స్కోరు రాసే పిచ్చి. పాత రఫ్ నోటుబుక్కులో స్కేలుతో గీతలు కొట్టుకుని వచ్చాడు. పరుగు లేకపోతే చుక్క, ఒకటి తీస్తే ఒకటి, ఫోరయితే నాలుగు చుట్టూ సున్నా, సిక్సయితే చుట్టూ డబ్బా. మిగతా ముగ్గురూ జెండాలు ఊపుతుంటే వీడు తల వంచుకుని రాసుకుంటున్నాడు. మా ముందు వరుసలో ఒకాయన మ్యాచ్ మొత్తం లేచి నిలబడి ఫోన్‌లో వీడియో తీశాడు. రెండుసార్లు అడిగాను కూర్చోమని. కూర్చున్నట్టే కూర్చుని మళ్లీ లేచాడు. కళ్లెదురుగా ఆట జరుగుతుంటే దాన్ని అరచేతి తెరలో చూసేవాళ్లను చూస్తే నాకు నిజంగా బాధేస్తుంది. వాళ్ల వెనకాల జీవితంలో మొదటిసారి స్టేడియానికి వచ్చిన పిల్లలు ఉంటారు. చివరికి మావాడు కుర్చీ ఎక్కి నిలబడి రాశాడు.

సన్‌రైజర్స్‌కు మొదట బ్యాటింగ్. ఓపెనర్లు వార్నర్, జానీ బెయిర్‌స్టో. ఆ సీజన్‌లో వీళ్లిద్దరూ అప్పటికి రెండు మ్యాచ్‌లు ఆడితే రెండింట్లోనూ మొదటి వికెట్‌కు వంద దాటించారు. ఈ మూడో మ్యాచ్‌లో 185. బెయిర్‌స్టో 56 బంతుల్లో 114 కొట్టి అవుటయ్యాడు. వార్నర్ 55 బంతుల్లో 100, చివరిదాకా నాటౌట్. స్కోరు రెండు వికెట్లకు 231. తర్వాత బెంగళూరు 35 పరుగులకే ఆరు వికెట్లు పోగొట్టుకుంది. మహ్మద్ నబీ 11 పరుగులిచ్చి నాలుగు తీశాడు. కోహ్లి, డివిలియర్స్ ఉన్న జట్టు 113కు ఆలౌటయ్యింది. 118 పరుగుల తేడాతో గెలుపు. అందరికీ గుర్తున్నది ఇంతవరకే.

తిరుగు బస్సులో మావాడు నోటుబుక్కు తీసి కూడికలు మొదలుపెట్టాడు. కొంచెం సేపటికి నా భుజం తట్టి, "సార్, బెయిర్‌స్టోకు తొంభై పరుగులు బౌండ్రీలే. వార్నర్‌కు యాభయ్యే. మిగిలిన యాభై ఉరికి తీసిండు సార్" అన్నాడు.

నేను మళ్లీ కూడి చూశాను. నిజమే. బెయిర్‌స్టోవి 12 ఫోర్లు, 7 సిక్సర్లు, అంటే 90. వార్నర్‌వి 5 ఫోర్లు, 5 సిక్సర్లు, అంటే సరిగ్గా 50. మిగిలిన 45 బంతుల్లో 50 పరుగులు కాళ్లతో తీశాడు. అవతలివాడు పరిగెత్తినా తను పరిగెత్తాల్సిందే కదా. బెయిర్‌స్టో తీసిన ఆ 24 కూడా కలిపితే 74 సార్లు ఈ క్రీజు నుంచి ఆ క్రీజుకు. రెండు క్రీజుల మధ్య దూరం దాదాపు పద్దెనిమిది మీటర్లు. అంటే ప్యాడ్లు, గ్లవ్స్, హెల్మెట్ వేసుకుని, మార్చి నెల హైదరాబాద్ ఎండలో, కిలోమీటరు మూడు వందల మీటర్ల దాకా ముక్కలు ముక్కలుగా పరిగెత్తాడు. ప్రతి ముక్కా పూర్తి వేగంతో. ఇంత చేసినవాడి వయసు అప్పటికి 32.

ఆ పరుగులు ఎలా తీశాడో నాకు ఇప్పటికీ కళ్ల ముందు కనిపిస్తుంది, ఎందుకంటే నేను పిల్లలకు రోజూ చెప్పేది అదే. మొదటి పరుగు గట్టిగా తీస్తేనే రెండో పరుగు పుడుతుంది. తిరిగేటప్పుడు బంతి ఉన్న వైపు మొహం ఉండాలి, దానికి తగ్గట్టు బ్యాట్ చేయి మార్చుకోవాలి. నడుం వంచి బ్యాట్‌ను దూరం నుంచే నేల మీద జార్చాలి. పొట్టిగా ఉంటాడు కాబట్టి ఆయన తిరిగే తీరు కబడ్డీ రైడర్ వెనక్కి తిరిగినట్టు ఉంటుంది. బౌండరీ దగ్గరున్న ఫీల్డర్ బంతి దగ్గరికి చేరకముందే ఆయన రెండోదానికి సగం దూరం వచ్చేసేవాడు. నా పిల్లల్లో ఒకడు "సార్, మల్ల రెండు తీసిండు" అని అరవడం మొదలుపెట్టాక మా చుట్టుపక్కల వాళ్లు కూడా ఫోర్లకంటే ఆ రెండుల కోసమే ఎక్కువ చప్పట్లు కొట్టారు.

ఆ తేదీ గురించి ఒక సంగతి చాలామంది గమనించలేదు. సరిగ్గా ఏడాది ముందు, 2018 మార్చి 31న, ఇదే మనిషి సిడ్నీలో విలేకరుల ముందు కూర్చుని ఏడ్చాడు. కేప్‌టౌన్ టెస్టులో గరుకు కాగితంతో బంతిని రుద్దిన వ్యవహారంలో ఏడాది నిషేధం పడింది. ఇక కెప్టెన్సీ లాంటి బాధ్యత ఎప్పటికీ ఇవ్వబోమన్నారు. ఆ ఏడాది ఐపీఎల్‌కూ రానివ్వలేదు. చేసింది తప్పే. ఆ పని వెనక ఆయన ఉన్నాడు, శిక్ష అనుభవించాడు. నేను దాన్ని సమర్థించను, పిల్లలకు కూడా అది తప్పనే చెబుతాను. కానీ ఏడాది తిరిగేసరికి అదే రోజున ఉప్పల్‌లో వంద కొట్టి బ్యాట్ ఎత్తినప్పుడు, తప్పు చేసినవాడు తలెత్తుకోవాలంటే ఏం చేయాలో పిల్లలకు మాటలతో చెప్పే పని నాకు లేకుండా పోయింది.

ఇప్పుడు అసలు ప్రశ్నలోని రెండో సగానికి వస్తాను. బుట్ట బొమ్మ పాటకు ఆయన డాన్సు చేసిన టిక్‌టాక్ వీడియో వచ్చింది 2020 ఏప్రిల్ చివర్లో, లాక్‌డౌన్ రోజుల్లో. అప్పటికి ఆయన సన్‌రైజర్స్‌కు ఆడటం మొదలుపెట్టి ఆరేళ్లు. 2014లో వచ్చాడు, 2015లో కెప్టెన్ అయ్యాడు. 2016లో 848 పరుగులు చేసి, బెంగళూరులో జరిగిన ఫైనల్లో 38 బంతుల్లో 69 కొట్టి, మనకు కప్పు తెచ్చాడు. సీజన్‌లో అందరికంటే ఎక్కువ పరుగులు చేసినవాడికి ఇచ్చే ఆరెంజ్ క్యాప్ 2015, 2017, 2019 మూడుసార్లు. 2017లో ఇదే ఉప్పల్‌లో కోల్‌కతా మీద 59 బంతుల్లో 126. ఇదంతా అయ్యాక వచ్చింది ఆ డాన్సు. రీల్స్ వల్లే మనవాడయ్యాడు అనేవాళ్లు ముందు ఈ వరస చూసుకోవాలి. ఆయన ఊరు పేరు తెలియని సమయంలో ఆ వీడియో పెట్టి ఉంటే, ఎవరో విదేశీయుడు భలే చేశాడే అనుకుని పక్కకు జరిపేవాళ్లం. మనకు కప్పు తెచ్చినవాడు భార్యతో కలిసి ఇంటి హాల్లో మన పాటకు కాలు కదిపాడు కాబట్టి మనసుకు తాకింది.

ఆ తర్వాత పోకిరిలో మహేశ్‌బాబు డైలాగుకు పెదవులు కలిపాడు. పుష్ప వచ్చాక శ్రీవల్లి స్టెప్పు వేశాడు. అదే సినిమాలో 'తగ్గేదే లే' అంటూ గడ్డం కింద చెయ్యి తిప్పే సైగను 2023 ప్రపంచకప్‌లో బెంగళూరులో పాకిస్తాన్ మీద వంద కొట్టినప్పుడు కూడా చేశాడు. ఆ రోజు 163 కొట్టాడు. భాష రాదు, అర్థం తెలియదు, అయినా డైలాగు విరుపు దగ్గర పెదవి సరిగ్గా ఆగుతుంది. నా అభిప్రాయం ఏమిటంటే, ఇది నటన కంటే బ్యాటింగ్‌కు దగ్గరి విద్య. బౌలర్ చేతిలోంచి బంతి ఎప్పుడు వదులుతుందో పట్టుకునే కన్నే డైలాగు ఎక్కడ విరుగుతుందో పట్టుకుంటుంది. మంచి ఓపెనర్లందరికీ ఈ టైమింగ్ ఉంటుందని నేను నమ్ముతాను. మా స్కూల్లో బాగా బ్యాటింగ్ చేసే పిల్లలే వార్షికోత్సవంలో డాన్సు కూడా బాగా చేస్తారు. పద్నాలుగేళ్లుగా చూస్తున్నాను.

ఇక సినిమా. 2025 మార్చి 28న నితిన్ హీరోగా, వెంకీ కుడుముల దర్శకత్వంలో రాబిన్‌హుడ్ వచ్చింది. ప్రీ రిలీజ్ ఈవెంట్‌కు వార్నర్ హైదరాబాద్ వచ్చాడు, పోస్టర్ల నిండా ఆయనే. మా పాత విద్యార్థులు ఇద్దరు ఫోన్ చేసి మరీ నన్ను థియేటర్‌కు తీసుకెళ్లారు. చూస్తే ఏముంది? సినిమా చివర్లో కొద్ది నిమిషాలు. స్టయిల్‌గా నిలబడటం, రెండు మాటలు, అయిపోయింది. ఆయన మొహంలో ఇంట్లో తీసిన వీడియోల్లో ఉండే వెలుగు అక్కడ లేదు. దానికి ఆయన్ను తప్పుపట్టను. ఒక మనిషిలో దేన్ని చూసి జనం ప్రేమించారో దాన్ని వదిలేసి, ఆయన పేరును మాత్రమే తీసుకుంటే అలాగే ఉంటుంది. అంతకుముందు ఏడాది రాజమౌళితో కలిసి చేసిన ఒక ప్రకటనలో ఆయన ఎంత చలాకీగా ఉన్నాడో చూడండి. ఎవరు ఎలా వాడుకున్నారన్నదే తేడా.

క్రికెటర్లను సినిమా సరిగ్గా వాడుకోకపోవడం కొత్తేమీ కాదు. 1973లోనే సలీం దురానీని పర్వీన్ బాబీ పక్కన హీరోగా పెట్టారు. ప్రేక్షకులు ఏ వైపు నుంచి సిక్స్ కావాలని అరిస్తే ఆ వైపుకు కొట్టేవాడని పేరున్న మనిషి ఆయన. ఆయన్ను టెస్టులోంచి తీసేస్తే ఊళ్లో జనం ప్లకార్డులు పట్టుకున్నారు. అంతటి ఆకర్షణ ఉన్నవాడికి మరో సినిమా జీవితం దొరకలేదు. 1985లో సందీప్ పాటిల్, సయ్యద్ కిర్మాణీ ఒకే సినిమాలో నటించారు. ప్రపంచకప్ గెలిచి రెండేళ్లే అయ్యింది, అయినా అది నిలబడలేదు. ఈ మధ్య హర్భజన్, ఇర్ఫాన్ పఠాన్ తమిళంలో చేశారు. ఇంతమందిలో ఒక్కరికైనా వాళ్ల శరీరం ఏం చేయగలదో చూపించే సన్నివేశం రాశారా? వార్నర్‌ను తెర మీద నిలబెట్టడం దేనికి? పరిగెత్తించాలి. చార్మినార్ దగ్గర సందుల్లో ఒక్క ఛేజింగ్ సీన్ పెట్టి ఉంటే ఆ సినిమా గురించి ఇప్పటికీ మాట్లాడుకునేవాళ్లం. ఇది నేను గట్టిగా నమ్ముతున్న మాట.

అభిమానం గురించి అడిగారు కాబట్టి 2021 సంగతి చెప్పకుండా వదలలేను. ఆ మే 1న, సీజన్ మధ్యలో, ఆయన్ను కెప్టెన్సీ నుంచి తీసేశారు. మర్నాడు మ్యాచ్‌లో జట్టులోనే లేడు. తర్వాత యూఏఈలో రెండు మ్యాచ్‌లు ఆడించి మళ్లీ పక్కన పెట్టారు. జట్టుకు ఏకైక ఐపీఎల్ కప్పు తెచ్చిన కెప్టెన్ స్టాండ్స్‌లో కూర్చుని జెండా ఊపడం టీవీలో చూశాను. ఫామ్‌లో లేనివాణ్ని తప్పించడం ఆటలో ఉండేదే, నేను కాదనను. తప్పించే పద్ధతి ఒకటి ఉంటుంది. నాకు ఇంటర్ చదివేరోజుల్లో ఒక జట్టులో ఇలాగే జరిగింది. మ్యాచ్‌కు ముందురోజు దాకా నేను ఓపెనర్‌ని. పొద్దున్నే కిట్‌తో గ్రౌండ్‌కు వెళ్తే బోర్డు మీద నా పేరు లేదు, ఎవరూ ఒక్క మాట చెప్పలేదు. సాయంత్రం దాకా బౌండరీ అవతల కూర్చుని తోటివాళ్లకు నీళ్లు అందించాను. అందుకే ఇప్పుడు మా జట్టులో ఎవరినైనా తప్పించాలంటే ముందురోజే వాణ్ని పక్కకు పిలిచి, ఎందుకో చెబుతాను. పదమూడేళ్ల పిల్లాడికి కూడా ఆ మాట దక్కాలి.

వార్నర్ ఏం చేశాడో చూడండి. అలా కూర్చోబెట్టిన కొద్ది వారాలకే అదే యూఏఈలో టీ20 ప్రపంచకప్‌లో 289 పరుగులు చేసి, ఆస్ట్రేలియాను గెలిపించి, టోర్నీ ఉత్తమ ఆటగాడయ్యాడు. 2022లో ఢిల్లీ తరఫున మన జట్టు మీదే 58 బంతుల్లో 92 నాటౌట్. 2023 ఏప్రిల్ 24న ఢిల్లీ కెప్టెన్‌గా ఉప్పల్‌కు వచ్చాడు. ఆరెంజ్ జెర్సీలో ఆయన ఇక్కడ చివరిసారి ఆడింది 2019 ఏప్రిల్ 29న, ఆ రోజు పంజాబ్ మీద 81 కొట్టాడు. తర్వాత రెండేళ్లు మ్యాచ్‌లు ఇక్కడ జరగలేదు, ఆ తర్వాత ఆయన మన జట్టులో లేడు. హైదరాబాద్ జనానికి ఆయన్ను సరిగ్గా సాగనంపే అవకాశమే రాలేదన్నమాట. నాలుగేళ్లకు తిరిగి వచ్చి, మ్యాచ్‌కు ముందు భువనేశ్వర్ కుమార్ కాళ్లకు దణ్ణం పెట్టి, లేచి కౌగిలించుకున్నాడు. ఆ రోజు ఢిల్లీ 7 పరుగులతో గెలిచింది, ఆయన పిడికిలి బిగించి గంతేశాడు. మన జట్టు ఓడిందన్న బాధ ఉన్నా, ఆ గంతు చూసి నాకు సంతోషంగానే అనిపించింది.

మిగతా కెరీర్ గురించి రెండు ముక్కలు. రోజుల తరబడి సాగే ఫస్ట్ క్లాస్ మ్యాచ్ ఒక్కటీ ఆడకుండానే 2009 జనవరిలో ఆస్ట్రేలియా టీ20 జట్టులోకి వచ్చి, మెల్‌బోర్న్‌లో దక్షిణాఫ్రికా మీద 43 బంతుల్లో 89 కొట్టాడు. టీ20లకే పనికొస్తాడన్నారు. 112 టెస్టులాడి 8,786 పరుగులు, 26 సెంచరీలు చేశాడు. అందులో అడిలైడ్‌లో పాకిస్తాన్ మీద 335 నాటౌట్ ఉంది. అలాంటివాణ్ని "రీల్స్ వార్నర్" అని పిలిచే కుర్రాళ్లను చూస్తే నాకు కోపం వస్తుంది.

పోయిన ఏడాది మా ఎనిమిదో తరగతి పిల్లలకు ఆ 2019 మ్యాచ్ చూపిద్దామని స్టాఫ్‌రూమ్‌లో కంప్యూటర్ పెట్టి హైలైట్స్ వేశాను. బెయిర్‌స్టో సిక్సులు, వార్నర్ సిక్సులు, వికెట్లు. పది నిమిషాల్లో అయిపోయింది. ఆ రెండుల్లో ఒకటో రెండో తప్ప మిగిలినవి కోసేశారు. పిల్లలు "సార్, బెయిర్‌స్టోనే బాగా కొట్టిండు" అన్నారు. వాళ్లు చూసిందాన్ని బట్టి అది నిజమే. రీల్ అయినా, సినిమా అయినా, హైలైట్స్ అయినా, వార్నర్‌ను సగమే చూపించాయి.

ఆ రోజు స్కోరు రాసిన పిల్లవాడు పదో తరగతి అయి వెళ్లిపోతూ ఆ నోటుబుక్కు నాకే ఇచ్చాడు. బీరువాలోంచి తీశాను. కంప్యూటర్ ఆపేసి, పిల్లల్ని గ్రౌండ్‌లోకి తీసుకెళ్లి, సున్నంతో రెండు క్రీజులు గీశాను. ఇద్దరిద్దరిని నిలబెట్టి, వార్నర్ వరుసలో ఉన్న అంకెలు ఒక్కొక్కటే చదివాను. చుక్క అంటే ఆగాలి, ఒకటి అంటే ఒకసారి, రెండు అంటే వెళ్లి తిరిగి రావాలి. ముప్పై దాటకముందే మొదటి జత కింద కూర్చుండిపోయింది. ఒక పిల్లవాడు ఆయాసపడుతూ అడిగాడు, "ఇంకెన్ని ఉన్నయ్ సార్?"